ఆపరేషన్‌కి కార్డుంది, మాత్రలకి లేదు

శ్రీకాకుళం,
డిసెంబరు 2025

ఒరే రమణా,

మొన్న ఫోన్లో నువ్వు అడిగినదానికి "రాస్తాలే" అన్నాను, తప్పించుకున్నాననుకున్నావేమో. షాపులో ఒక చేత్తో చీటీ, ఇంకో చేత్తో ఫోను పట్టుకుని చెప్పే విషయం కాదురా అది. మీ అమ్మకీ నాన్నగారికీ ఆరోగ్యశ్రీ కార్డు ఉంది, నీ ఆఫీసు పాలసీలోనూ వాళ్ళ పేర్లున్నాయి, మళ్ళీ ప్రీమియం పోసి ఇంకో పాలసీ దేనికి అని కదా నీ అనుమానం. మందుల షాపు పెట్టుకుని కూర్చున్నవాడికి డాక్టరు కంటే, ఏజెంటు కంటే కొన్ని ఎక్కువ కనిపిస్తాయి. అవి రాస్తాను. కొంచెం పొడుగవుతుంది, టీ పెట్టుకుని చదువు.

ముందు కార్డు సంగతి. దాన్ని తక్కువ చేసి మాట్లాడేవాళ్ళు ఉన్నారు, నేను మాట్లాడలేను. 2007 ఏప్రిల్లో ఆరోగ్యశ్రీ మొదలైనప్పుడు రాష్ట్రంలో మూడే మూడు జిల్లాల్లో పెట్టారు. అనంతపురం, మహబూబ్‌నగర్, మన శ్రీకాకుళం. ఏదైనా సరే మన దాకా ఆఖరికి వచ్చేది కదా, ఇది మాత్రం ముందే వచ్చింది. అంతకుముందు గుండె ఆపరేషన్ అంటే ముఖ్యమంత్రి సహాయనిధికి అర్జీ పెట్టుకోవడం, ఎమ్మెల్యే గుమ్మం దగ్గర పడిగాపులు, అదీ కాకపోతే ఉన్న కాస్త పొలం బేరానికి పెట్టడం. ప్రభుత్వం మారినప్పుడల్లా పథకం పేరు మారింది, 2024 నుంచి మళ్ళీ ఎన్టీఆర్ వైద్యసేవ. జనం నోట ఆరోగ్యశ్రీయే, నాకూ అదే అలవాటు. 2023 డిసెంబరులో పరిమితి 25 లక్షలకి పెంచారు. స్టెంటు వేయించుకుని, కీమో చేయించుకుని, రూపాయి కట్టకుండా ఇంటికొచ్చినవాళ్ళు నా ఖాతాదారుల్లోనే బోలెడంతమంది. కాబట్టి "కార్డు దండగ" అనే మాట నా దగ్గర చెల్లదు.

కానీ కార్డుంటే వైద్యం అందినట్టే అనుకోకు. కిడ్నీ జబ్బుల ఉద్దానం సంగతే చూడు. మీ మేనత్త వాళ్ళది కవిటి వైపే కదా, నీకు నేను చెప్పాలా. కిడ్నీ పోయినవాడికి వారానికి రెండు మూడుసార్లు డయాలసిస్, కూర్చుంటే నాలుగు గంటలు. దానికి డబ్బు తీసుకోరు. 2019 నుంచి నెలకి 10,000 రూపాయల పింఛను కూడా వస్తోంది. మరి ఖర్చంతా ఎక్కడ? దారిలో. అప్పట్లో తెల్లారగట్ల బస్సెక్కి శ్రీకాకుళమో, విశాఖలోని ప్రభుత్వ పెద్దాసుపత్రి కేజీహెచ్‌కో పోవాలి. తోడుగా ఒక మనిషి, అంటే ఆ రోజు ఇద్దరి కూలీ పోయినట్టు. మధ్యాహ్నం హోటల్లో భోజనం, రాత్రికి నీరసంతో ఇల్లు చేరడం, ఒకరోజు ఆగి మళ్ళీ ప్రయాణం. కొంతమంది ఈ తిరుగుడు పడలేక మధ్యలోనే మానేశారు. సోంపేటలో, పలాసలో, కవిటిలో డయాలసిస్ మిషన్లు వచ్చాకే వాళ్ళకి నిజంగా వైద్యం అందింది. 2023 డిసెంబరులో పలాసలో 200 పడకల కిడ్నీ ఆసుపత్రి తెరిచారు. గమనించు, కార్డు అంతకుముందూ ఉంది. దగ్గర్లో మిషను లేదంతే.

విజయనగరం వైపు శృంగవరపుకోట కొండల మీది ఊళ్ళ నుంచి గర్భిణుల్ని డోలీ కట్టి మోసుకొస్తున్నారని పేపర్లో చదువుతూనే ఉంటాం. 108 బండి రోడ్డున్నంత వరకే వస్తుంది. ఆ ఇంట్లోనూ 25 లక్షల కార్డుంది.

ఇప్పుడు నా కౌంటరు దగ్గరికి రా. పొందూరు వైపు నుంచి ఒక పెద్దాయన వస్తాడు. షుగరు, బీపీ రెండూ ఉన్నాయి. నెల మందులు రాసిన చీటీ తెస్తాడు, "బావూ, నాలుగ్రోజులకి బిళ్ళలియ్యి సాలు" అంటాడు. షీటు కత్తిరించి ఇస్తాను. ఆ నాలుగు రోజుల మందు ఆయన ఎన్ని రోజులు మింగుతాడో ఆ దేవుడికే తెలియాలి. ఆయనకి కాలి వేలికి పుండైంది. డ్రెస్సింగుకి, యాంటీబయాటిక్‌కి, షుగరు పరీక్షకి అన్నిటికీ జేబులోంచే తియ్యాలి, తియ్యలేక ఆగాడు. చివరికి వేలు తీసేయాల్సి వచ్చింది. ఆ ఆపరేషన్ కార్డు మీద ఉచితం! వేలు తీయించుకోవడానికి పైసా అక్కర్లేదు, వేలు నిలబెట్టుకోవడానికి మాత్రం డబ్బు కావాలి. నాకు ఈ పథకాలన్నిటి మీదా ఉన్న కోపం ఇదొక్కటే. మంచం ఎక్కితే గాని రోగం కింద లెక్క కట్టరు.

ఇది ఆయనొక్కడి కథ కాదు. దేశం మొత్తం వైద్యానికి పెట్టే ఖర్చులో జనం సొంతంగా జేబులోంచి కట్టేది 2013-14లో 64.2 శాతం ఉండేది, 2021-22కి 39.4 శాతానికి తగ్గిందని కేంద్రం లెక్కలు చెబుతున్నాయి. తగ్గడం మంచిదే. మిగిలిన ఆ 39 దేనికి పోతోందో మాత్రం నా కౌంటరు దగ్గర గంటసేపు నిలబడితే నీకే తెలుస్తుంది. చాలావరకు ఓపీ, అంటే అడ్మిట్ కాకుండా చూపించుకునే వైద్యం, పరీక్షలు, మాత్రలు. పాలసీలు ఎక్కువభాగం వీటిని ముట్టుకోవు. అందుకే రెండు రకాల తమాషాలు నడుస్తాయి. డబ్బు లేనివాడు రోగం ముదిరేదాకా ఆగుతాడు. పాలసీ ఉన్నవాడు మామూలు జ్వరానికి కూడా అడ్మిట్ అవుతాడు, ఎందుకంటే అడ్మిటైతేనే క్లెయిము.

దీనికి మినహాయింపు ఒకటి కళ్ళారా చూశాను. మా బావమరిది విజయనగరం దగ్గర జూట్ మిల్లులో చేసేవాడు, ఈఎస్ఐ, అదే కార్మికుల బీమా, ఉండేది. జీతంలో కార్మికుడు కట్టేది 0.75 శాతం, యజమాని 3.25 శాతం. దానికి ఓపీ, మాత్రలు, పరీక్షలు, ఆపరేషన్ అన్నీ, ఇంటిల్లిపాదికీ. డిస్పెన్సరీలో లైను ఉంటుంది, ఒక్కోసారి మందు ఉండదు, "రేపు రండి" అంటారు. అయినా మా చెల్లెలికి థైరాయిడ్ మాత్ర ఏళ్ళ తరబడి అక్కడి నుంచే వచ్చింది. చిక్కల్లా ఏమిటంటే అది ఉద్యోగానికి ముడిపడి ఉంది. మిల్లు మూతపడితే చందా ఆగుతుంది, కొన్ని నెలలకి వైద్యమూ ఆగుతుంది. జీతాలు లేక తిండికే కటకటగా ఉన్నప్పుడు మాత్రలు కూడా కొనుక్కోవాలి. నెలజీతం 21,000 దాటినా బయటికే. పైడిభీమవరం కంపెనీల్లో పనిచేసే కుర్రాళ్ళు జీతం పెరిగిందని సంబరపడతారు గానీ ఆ గీత దాటితే పోయేదేమిటో చాలామందికి తెలియదు.

నీ ఆఫీసు పాలసీకీ ఇదే రోగం ఉందిరా. ఈరోజు బాగానే ఉంది, మొదటి రోజు నుంచే అమ్మ షుగరుకి కూడా వర్తిస్తుంది, కాదనను. కానీ నువ్వు ఉద్యోగం మారితే? లేదా వాళ్ళే మారమంటే? అప్పుడు 64 ఏళ్ళ అమ్మకి కొత్తగా పాలసీ వెతకాలి. ఉన్న జబ్బులకి వెయిటింగ్ పీరియడ్ పెడతారు, అంటే అన్నాళ్ళూ ఆ జబ్బులకి క్లెయిము ఇవ్వరు. అది నాలుగేళ్ళ దాకా ఉండేది, 2024 నుంచి మూడేళ్ళకి మించకూడదన్నారు. ఆ మూడేళ్ళు ఇప్పుడే మొదలుపెట్టి, నీ ఆఫీసు నీడలో ఉండగానే గడిపేయడం తెలివైన పని. నేను పాలసీ తీసుకోమనడానికి అసలు కారణం ఇదే.

కార్డు ఎలాగూ ఉందిగా అంటావా? ఉంది, కానీ అది చెల్లే ఆసుపత్రి ఆరోజు తలుపు తీయాలి కదా. బకాయిలు చెల్లించలేదని మొన్న అక్టోబరులో ప్రైవేటు ఆసుపత్రులు రాష్ట్రమంతా వైద్యసేవ కేసులు ఆపేశాయి. మా వీధిలో ఒకావిడని పిత్తాశయంలో రాళ్ళకి ఓ ఆసుపత్రికి తీసుకెళ్తే "కార్డు మీద ఇప్పుడు చెయ్యట్లేదు, డబ్బు కడితే రేపే చేస్తాం" అన్నారట. పేరు రాయనులే, రేపు వాళ్ళ చీటీలే నా షాపుకి రావాలి! నిజం చెప్పాలంటే తప్పంతా వాళ్ళదే అని కూడా అనలేను. కార్పొరేట్ ఆసుపత్రి బకాయిని మోయగలదు గానీ ముప్పై పడకల నర్సింగ్‌హోం నర్సులకి జీతాలు ఎక్కడి నుంచి తెస్తుంది? ఇప్పుడు కొత్తగా వైద్యసేవ ఖర్చు 2.5 లక్షల వరకు బీమా కంపెనీ ద్వారా, ఆ పైన 25 లక్షల దాకా ప్రభుత్వ ట్రస్టు ద్వారా అని సెప్టెంబరులో మంత్రివర్గం ఆమోదించింది. కంపెనీ మధ్యలోకొస్తే ఆసుపత్రికి డబ్బు త్వరగా రావచ్చు. అలాగే "ఈ కేసుకి అడ్మిషన్ అవసరమా" అనే కొర్రీలూ పెరగవచ్చు. నాకు రెండో భయమే ఎక్కువ.

ఇక పాలసీ తీసుకునేటప్పుడు ప్రీమియం ఒక్కటే చూడకు. గది అద్దె నిబంధన చదువు. మూడు లక్షల పాలసీలో గదికి ఒక శాతం అని రాసి ఉంటే రోజుకి 3,000 అన్నమాట. నువ్వు మోజుపడి 6,000 గది తీసుకున్నావనుకో, తేడా 3,000 కడితే చాలనుకుంటావు. కాదు. సర్జన్ ఫీజు, ఓటీ ఛార్జీ, నర్సింగు, వీటన్నిటిలోనూ సగమే ఇస్తారు. ఇవి లక్ష అయితే యాభై వేలు నీ నెత్తినే. మందులకీ ఐసీయూకీ ఈ కోత ఉండకూడదు, ఎవరైనా వేస్తే ఊరుకోకు. అందుకే గది అద్దె పరిమితి లేనిదే చూడు. తర్వాత కో-పే. పెద్దవాళ్ళ పాలసీల్లో బిల్లులో ఇరవై శాతం మీరే కట్టాలని చిన్న అక్షరాల్లో ఉంటుంది. అది ఒప్పుకుంటే ప్రీమియం తగ్గుతుంది, కానీ పెద్ద బిల్లు వచ్చినరోజు తెలుస్తుంది నొప్పి. క్యాష్‌లెస్ జాబితాలో, అంటే మనం ముందు డబ్బు కట్టకుండా కంపెనీయే బిల్లు కట్టే చోట్లలో, శ్రీకాకుళం ఆసుపత్రులు ఏవున్నాయో చూడు. విశాఖలో పాతిక ఉన్నా అర్ధరాత్రి ఛాతీలో నొప్పొస్తే నూరు కిలోమీటర్లు ఎవరు తీసుకెళ్తారు? నువ్వు బెంగుళూరులో ఉంటావు, నేను ఉన్నాననుకో, అది వేరే విషయం.

ఇంకొన్ని నీకు కలిసొచ్చేవి. సెప్టెంబరు 22 నుంచి సొంత ఆరోగ్య పాలసీల మీద 18 శాతం జీఎస్టీ ఎత్తేశారు. క్యాష్‌లెస్ అడిగిన గంటలో బీమా కంపెనీ జవాబు చెప్పాలి, డిశ్చార్జి బిల్లుకి మూడు గంటల్లో ఓకే చెప్పాలి. పొద్దున డిశ్చార్జి రాస్తే రాత్రి దాకా మంచం మీదే కూర్చోబెట్టి ఆట పట్టించినప్పుడు ఈ మాట గట్టిగా అను. క్లెయిము అన్యాయంగా కొట్టేస్తే ముందు కంపెనీకి రాతపూర్వకంగా ఫిర్యాదు, వినకపోతే హైదరాబాదులో బీమా తగవులు తీర్చే అంబుడ్స్‌మన్ ఉన్నాడు. ఫీజు లేదు, లాయరు అక్కర్లేదు. ఇక నాన్నగారికి 71 కదా, 70 దాటినవాళ్ళకి ఆదాయంతో సంబంధం లేకుండా ఏడాదికి ఐదు లక్షల ఆయుష్మాన్ కార్డు కేంద్రం 2024 అక్టోబరులో పెట్టింది. ఆధార్ పట్టుకుని వస్తే నేనే దగ్గరుండి నమోదు చేయిస్తాను.

మాత్రల సంగతి మాత్రం ఏ పాలసీకీ వదలకు. నెలకింత అని విడిగా బ్యాంకులో వేసిపెట్టు. అమ్మ వాడే మెట్‌ఫార్మిన్ ప్రభుత్వాసుపత్రిలో ఉచితంగా ఇస్తారు, జన ఔషధి షాపులో కూడా చవకగా దొరుకుతుంది. నా వ్యాపారం నేనే పాడుచేసుకుంటున్నానని మా ఆవిడ అంటుంది. ఏం చెయ్యను, అమ్మ చేతి చేపల పులుసు తిన్న ఒళ్ళిది. ఆర్నెల్లకోసారి కిడ్నీల పనితీరు చెప్పే క్రియాటినిన్ పరీక్ష కూడా చేయించు, పోయినసారి చీటీలో అది కనిపించలేదు.

ఏజెంటు ప్రపోజల్ ఫారం పంపిస్తే సంతకం పెట్టకముందు ఫొటో తీసి నాకు వాట్సాప్ చెయ్. షుగరు ఉందా అన్న చోట "లేదు" అని అతనే టిక్కు పెట్టేస్తాడు, ప్రీమియం తగ్గుతుందని నిన్ను మురిపిస్తాడు. క్లెయిమొచ్చిన రోజు అతను ఫోనెత్తడు. అమ్మకి షుగరు ఎప్పటి నుంచో సంవత్సరంతో సహా రాయించు, నీకు గుర్తులేకపోతే ఆవిడనే అడుగు.

ఉంటాను,
నీ సింహాచలం