వార్షిక నివేదిక 2024–25: ఆ గదిలో ఎన్ని కెమెరాలు?

సభ్యులందరికీ నమస్కారం.

ఈ ఏడాది మన ఫిల్మ్ సొసైటీ ప్రదర్శనలన్నీ ఒకే వరుసలో సాగాయి. టీవీ మీద తీసిన సినిమాలు, వండి వార్చిన కథల మీద తీసిన సినిమాలు, ఏది జరిగిందో ఏది నటించారో తేలని సినిమాలు. ఈ అంశం మీద చర్చ పెడితే మామూలుగా పది నిమిషాల్లో ‘మీడియా చెడిపోయింది’ దగ్గరికొచ్చి ఆగిపోతుంది. అందుకే మొదటి ప్రదర్శన అయిన వెంటనే కార్యవర్గం ఒక పద్ధతి పెట్టుకుంది. ప్రతి చర్చా ఒకే ప్రశ్నతో మొదలవ్వాలి: ఇది జరిగినప్పుడు అక్కడ ఎన్ని కెమెరాలున్నాయి?

ఆ ప్రశ్న మనకు ‘బ్రాడ్‌కాస్ట్ న్యూస్’ (1987) ఇచ్చింది. జేమ్స్ ఎల్. బ్రూక్స్ తీసిన ఆ సినిమాలో టామ్ అనే న్యూస్‌రీడర్ అత్యాచార బాధితురాలిని ఇంటర్వ్యూ చేస్తాడు. ఆమె చెబుతుంటే అతని కళ్లు చెమరుస్తాయి. చూసినవాళ్లు కదిలిపోతారు. ఆ ఇంటర్వ్యూకి వెళ్లింది ఒక్క కెమెరాయేనన్న సంగతి చాలా కాలం తర్వాత సహోద్యోగి ఆరన్ నోట నిర్మాత జేన్ చెవిన పడుతుంది. ఉన్న ఒక్క కెమెరా ఆమె మొహం మీద ఉంటే అతని కన్నీళ్లను తీసిందెవరు? జేన్ అసలు టేపు వేసుకుని చూస్తుంది. మాటలన్నీ అయ్యాక టామ్ కెమెరాను తనవైపు తిప్పించుకుని, అప్పుడు ఏడ్చాడు.

ఒంటి కెమెరాతో వెళ్లే చోట కెమెరా తిప్పడం మోసం కాదు, రోజూ చేసే పనే. ముందు అవతలి మనిషి జవాబులన్నీ తీస్తారు. తర్వాత అవే ప్రశ్నలు మళ్లీ అడుగుతున్న విలేకరినీ, అతను తలూపడాన్నీ విడిగా తీస్తారు. ఎడిటింగులో జవాబు మధ్య నుంచి ఒక వాక్యం తీసేస్తే అక్కడ బొమ్మ ఎగురుతుంది, తల ఒక్కసారిగా పక్కకి జరిగినట్టుంటుంది. ఆ ఎగురు మీద తలూపే షాట్ కప్పేస్తారు. కాబట్టి విలేకరి తలూపినప్పుడల్లా కింద ఏదో కోత ఉండొచ్చు. బొమ్మ దాచినా శబ్దం దాచలేదు: ఫ్యాను హోరు మారుతుంది, సగంలో ఉన్న హారన్ తెగిపోతుంది. అందుకే ఆ రోజు చర్చలో మామూలు వార్తా ఇంటర్వ్యూ ఒకటి తెర ఆపేసి వినిపించాం. ఎక్కువమంది కోత ఎక్కడుందో చెవితోనే పట్టుకున్నారు. ఈ ఏడాది జరిగిన వాటిలో కార్యవర్గం అన్నిటికన్నా విలువైనదిగా భావించేది ఈ సాధననే.

ఇదే ప్రశ్న మిగతా సినిమాలకూ పనికొచ్చింది. ‘పీప్లీ లైవ్’ (2010)లో ఆత్మహత్య చేసుకుంటానన్న నత్థా ఇంటి ముందు టీవీ లైవ్ ఓబీ వ్యాన్లు తీర్థంలా చేరతాయి. అదే ఊళ్లో రోజూ మట్టి తవ్వి అమ్ముకుని బతికే హోరీ మహతో ఆ గుంటలోనే చనిపోతే అక్కడ ఒక్క కెమెరా కూడా ఉండదు. ఆ పేరు ప్రేమ్‌చంద్ ‘గోదాన్’లోని రైతుది, సభ్యుల్లో కొందరికి అది వెంటనే తట్టింది. ‘ఏస్ ఇన్ ద హోల్’ (1951)లో బిల్లీ వైల్డర్ చూపించింది ఇంకా ఘోరం. గుహలో ఇరుక్కున్న మనిషిని గోడలకు దన్ను పెట్టి ఒక రోజు లోపే బయటికి తీయొచ్చు. కథ సాగాలని విలేకరి, కొండ పైనుంచి డ్రిల్లు వేసే పద్ధతికి అధికారుల్ని ఒప్పిస్తాడు, దానికి రోజులు పడుతుంది. ‘వ్యాగ్ ద డాగ్’ (1997)లో నీలి తెర ముందు ఒక అమ్మాయి చిప్స్ పొట్లం పట్టుకుని పరిగెడుతుంది. కంప్యూటర్లో ఆ పొట్లం పిల్లిపిల్ల అవుతుంది, వెనక తగలబడుతున్న ఊరు పుడుతుంది, పైన సైరన్ మోగుతుంది. లేని యుద్ధం తయారైపోతుంది.

‘క్విజ్ షో’ (1994) కథ అసలుగా జరిగినదే. 1956లో ‘ట్వంటీ వన్’ అనే టీవీ క్విజ్ కార్యక్రమంలో పోటీదారు హెర్బ్ స్టెంపెల్‌కు 1955 ఆస్కార్ ఉత్తమ చిత్రం ‘మార్టీ’ అని తెలిసినా, నిర్మాతలు చెప్పారని ‘ఆన్ ద వాటర్‌ఫ్రంట్’ అని చెప్పి ఓడిపోయాడు. చెమట పట్టించడానికి అద్దాల గదిలో ఏసీ ఆపేసేవారు. 1959లో అమెరికా కాంగ్రెస్ విచారణ జరిపింది, 1960లో ఇలాంటి ముందస్తు ఏర్పాట్లను చట్టం నేరం చేసింది. ‘ద వార్ గేమ్’ దీనికి తలకిందులు. ఇంగ్లండ్ మీద అణుదాడిని వార్తాచిత్రంలా చూపిన 48 నిమిషాల కల్పన అది. బీబీసీ 1965లో ప్రసారం ఆపేసి 1985లో గానీ చూపలేదు. మధ్యలో దానికి ఉత్తమ డాక్యుమెంటరీగా ఆస్కార్ వచ్చింది.

ప్రదర్శన మన చేతిలో చెడకుండా

ఈ సినిమాల్ని తప్పుగా వేస్తే అర్థమే మారిపోతుంది. కార్యవర్గం ఈ విషయంలో పట్టుదలగా ఉంది, ఉంటుంది కూడా.

తనకే తెలియకుండా బతుకంతా టీవీలో ప్రసారమయ్యే మనిషి కథ ‘ద ట్రూమన్ షో’ (1998)లో చాలా షాట్లకు మూలలు నల్లగా గుండ్రంగా ఉంటాయి. అది దొంగచాటు కెమెరా కన్ను. తెర నిండాలని ప్రొజెక్టర్ జూమ్ పెంచినా, బొమ్మ అంచులు కోసేసే ఓవర్‌స్కాన్ ఆన్‌లో ఉన్నా అంచుల్లో నాలుగైదు శాతం పోతుంది, దాంతో ఆ కెమెరాలూ పోతాయి. ఓవర్‌స్కాన్ ప్రొజెక్టర్‌లోనూ ప్లేయర్‌లోనూ రెండు చోట్లా ఆపాలి.

ఇరాన్ దర్శకుడు అబ్బాస్ కియరోస్తమి తీసిన ‘క్లోజప్’ (1990) 4:3 చిత్రం. అసలు జరిగిన కోర్టు విచారణనూ, ఆ మనుషులతోనే మళ్లీ నటింపజేసిన దృశ్యాలనూ కలిపి తీశారు. మన తెర వెడల్పు 10 అడుగులు, ఎత్తు సుమారు 5.6 అడుగులు. దాని మీద ఈ సినిమా 7.5 అడుగుల వెడల్పే రావాలి, రెండు పక్కలా అడుగుంపావు నలుపు మిగలాలి. సాగదీస్తే మొహాలు ఉబ్బుతాయి. ఇందులో కోర్టు భాగం 16 ఎం.ఎం. మీద తీశారు, అక్కడ ఫిల్ము గింజ (గ్రెయిన్) కనిపిస్తుంది. ‘నాయిస్ రిడక్షన్’ ఆన్ చేస్తే గింజ తుడిచిపెట్టుకుపోయి, కోర్టుకూ మళ్లీ నటింపజేసిన దృశ్యాలకూ తేడా తెలియదు. చివరి దృశ్యంలో మాటలు తెగితెగి వస్తాయి. మైకు పాడైందని తెర మీదే వినిపిస్తుంది. అది కియరోస్తమి తానే చేసిన కోత. వైర్లు కదపొద్దని ప్రొజెక్టర్ దగ్గర కూర్చునేవాళ్లకు ముందే చెప్పి ఉంచాలి. ఆ దృశ్యంలో హాల్లో ఎవరో ఒకరు వెనక్కి తిరిగి చూస్తారు, అది సహజం.

‘మోషన్ స్మూతింగ్’ తప్పకుండా ఆపాలి. సెకనుకు 24 ఫ్రేముల సినిమాకు మధ్యలో లేని ఫ్రేములు పుట్టించి సీరియల్‌లా నున్నగా చేసేస్తుంది. మెనూలో ఒక్కో కంపెనీ దీనికి ఒక్కో పేరు పెడుతుంది కాబట్టి, కెమెరా పక్కకి తిరిగే షాట్ ఒకటి వేసి కంటితో చూసుకోవడమే మేలు.

మాటలు వినపడకుండా సంగీతం మాత్రం మోగితే స్పీకర్ల తప్పు కాదు. ఆరు ఛానెళ్ల 5.1 ట్రాకులో సంభాషణ మధ్య ఛానెల్‌లో ఉంటుంది, మనకున్నవి కుడి ఎడమలే. ప్లేయర్‌లో అన్ని ఛానెళ్లనూ రెంటిలో కలిపే స్టీరియో డౌన్‌మిక్స్ పెట్టాలి.

తెలుగు సబ్‌టైటిల్స్ సభ్యులే రాశారు. ఇందులో తేలినవి: ఫైలు యూటీఎఫ్-8లో భద్రపరచకపోతే అక్షరాల బదులు ప్రశ్నార్థకాలు వస్తాయి. పై వరుస ఒత్తులు కింది వరుస గుడులకు తగలకుండా వరుసల మధ్య ఎడం పెంచాలి. సెకనుకు 25 ఫ్రేములకు కట్టిన సబ్‌టైటిల్‌ను 23.976 ఫ్రేముల సినిమాకు వేస్తే మొదట్లో తేడా తెలియదు, వంద నిమిషాలయ్యేసరికి నాలుగు నిమిషాలకు పైగా ముందు పరిగెడుతుంది. అలాంటప్పుడు మొత్తాన్ని వెనక్కి జరిపితే కుదరదు, ఫ్రేమ్ రేటే మార్చాలి.

కొనుక్కున్న డిస్కు ఇంట్లో చూసుకోవడానికే. సభలో వేయాలంటే హక్కుదారు అనుమతి కావాలి. అది రావడానికి వారాలు పడుతుంది కనుక వచ్చే ఏడాది జాబితా ముందే ఖాయం చేస్తున్నాం.

రైతుబజారు వర్క్‌షాప్

పటమట రైతుబజారు దగ్గర ఉదయం ఆరున్నరకు తీసిన ఒకే ఫుటేజీ నుంచి నిమిషం నిడివి ఉన్న వార్తలు రెండు తయారు చేయడం పని. ఒకటి ‘ఎగబడ్డ జనం’, రెండోది ‘వెలవెలబోయిన బజారు’. ఎవరితోనూ నటింపజేయకూడదు, షాట్లు పన్నెండుకు మించకూడదు.

టమాటాల దుకాణం ముందు నిలబడ్డ పది పన్నెండు మందిని నలభై అడుగుల నుంచి ఫోన్ 3ఎక్స్ జూమ్ మీద, వరుస పొడవునా తీస్తే ఒకరి భుజం మీద ఒకరి తల ఉన్నట్టు కిక్కిరిసి కనిపించారు. అదే వరుసను పక్కకి వచ్చి 1ఎక్స్ మీద తీస్తే మనిషికీ మనిషికీ మధ్య సంచి పట్టేంత ఖాళీ. రెండూ నిజమే, రెంటి మధ్యా రెండు నిమిషాల తేడా కూడా లేదు.

పట్టుబడినవి ఇవి. ఒక జట్టు రెండు గంటల తేడా ఉన్న షాట్లు కలిపింది, ఉల్లి బస్తాల నీడ కుదించుకుపోయి దొరికిపోయింది. మరో జట్టు రైతునూ అడిగే మనిషినీ, ఇద్దరి మధ్యా ఊహించుకునే గీతకు ఇటొకసారి అటొకసారి నిలబడి తీసింది, ఇద్దరూ ఒకే దిక్కుకు చూస్తున్నట్టు వచ్చింది. ఎక్కువ జట్లకు శబ్దమే దెబ్బకొట్టింది. ధర అరిచే గొంతు షాటు మారగానే మాయమైంది. తీసే చోట ఎవరూ మాట్లాడకుండా ఒక నిమిషం పాటు ఉత్త బజారు శబ్దం రికార్డు చేసుకుని అన్ని కోతల కిందా పరిస్తే ఇది పోతుంది. ఇలా అతుకు దాచడం నేర్చుకున్నవాళ్లే ఇతరుల వార్తల్లో అతుకులు ముందు పట్టారు.

సెప్టెంబరు

సెప్టెంబరు ప్రదర్శన జరగలేదు. బుడమేరు పొంగి సింగ్ నగర్ వైపు మునిగినప్పుడు సభ్యుల ఇళ్లలోకీ నీళ్లొచ్చాయి. ఆ రోజుల్లో మన వాట్సప్ గ్రూపులోకి బ్యారేజీవీ, ఊళ్లవీ పాత వీడియోలు కొత్తవిగా వచ్చాయి. వాటిని జల్లెడ పట్టడానికి రాసుకున్న పద్ధతి ఇక్కడ పెడుతున్నాం, మళ్లీ అవసరం పడొచ్చు. పంపినవారిని ‘మీరే తీశారా’ అని అడగాలి. ఫార్వర్డ్ అయితే ఎవరి నుంచో అడగాలి. దుకాణాల బోర్డులు, బస్సులు, ఫ్లైఓవర్లు చూడాలి. ఇంద్రకీలాద్రి పాదం దగ్గర తీసిన దృశ్యంలో కనకదుర్గ ఫ్లైఓవర్ కనిపించాల్సిన చోట లేకపోతే అది 2024ది కాదు, ఆ వంతెన మీద రాకపోకలు 2020 అక్టోబరులోనే మొదలయ్యాయి. మాటలు లేకుండా ఉత్త సంగీతం పెట్టిన వీడియో అయితే అసలు శబ్దం ఎందుకు తీసేశారో అడగాలి. తేలేదాకా ముందుకు పంపకూడదు. నీళ్లలో ఉన్న కుటుంబం పడవ ఏ వైపు వస్తుందో ఇలాంటి వీడియోలు చూసే నిర్ణయించుకుంటుంది.

వచ్చే ఏడాది, లెక్కలు

‘నెట్‌వర్క్’ (1976), ‘మీడియం కూల్’ (1969) వేయాలనుకుంటున్నాం. రెండోది 1968 షికాగో అల్లర్ల మధ్య నటుల్ని నిలబెట్టి తీసింది. బాష్పవాయువు పేలినప్పుడు దర్శకుడు హాస్కెల్ వెక్స్లర్‌ను ‘జాగ్రత్త హాస్కెల్, ఇది నిజం’ అని హెచ్చరిస్తూ వినిపించే కేక తర్వాత స్టూడియోలో కలిపింది. మనవాటిలో, తమిళం నుంచి తెలుగులోకి డబ్ చేసిన ‘ఒకే ఒక్కడు’ (1999)లోని ముఖ్యమంత్రి లైవ్ ఇంటర్వ్యూ దృశ్యాన్ని ఒక సాయంత్రమంతా కెమెరాలు లెక్కపెడుతూ చూద్దాం.

మే నెలలో ప్రొజెక్టర్ రెండుసార్లు వేడెక్కి ఆగింది, ఫిల్టర్‌లో పేరుకున్న దుమ్మే కారణం. ఇకపై ప్రతి ప్రదర్శనకు ముందురోజు ఫిల్టర్ శుభ్రం చేయాలి, వెనక గాలి ఆడేలా అడుగున్నర ఖాళీ వదలాలి. హెచ్‌డీఎంఐ కేబుల్ పది మీటర్లు దాటితే బొమ్మ మినుకుమినుకుమంటోంది కాబట్టి ప్లేయర్‌ను ప్రొజెక్టర్ పక్కకే మార్చాం, ఆడియో వైరు మాత్రమే పొడుగ్గా వెళ్తుంది.

జమాఖర్చుల పట్టిక ఈ నివేదికతో పాటు విడిగా అందుతుంది. సబ్‌టైటిల్స్ రాయడానికి ఇంకా ముగ్గురు నలుగురు కావాలి. టైపింగ్ వస్తే చాలు, టైమింగ్ కట్టడం ఒక ఆదివారంలో నేర్పుతాం. పేర్లు సర్వసభ్య సమావేశంలో కార్యదర్శికి ఇవ్వండి.

— కార్యవర్గం, విజయవాడ