తిత్లీ పేరు చెప్పి హుద్‌హుద్ దృశ్యాలా?

సంపాదకులకు నమస్కారం.

తుపాన్ల మీద ఈమధ్య టీవీలో వచ్చిన ఒక కార్యక్రమం చూశాక ఇది రాయకుండా ఉండలేకపోయాను. 2018 అక్టోబరు 11న పలాస దగ్గర తీరం దాటిన తిత్లీ గురించి చెబుతూ, తెర మీద మాత్రం విశాఖ బీచ్ రోడ్డు, అపార్టుమెంట్ల పగిలిన అద్దాలు చూపించారు. అవి 2014 నాటి హుద్‌హుద్‌వి. మా శ్రీకాకుళం జిల్లా ఉద్దానం ప్రాంతంలో పోయినవి కొబ్బరి, జీడి, పనస తోటలండీ. ఏళ్ల తరబడి పెంచిన చెట్లు తెల్లవారేసరికి నేల మీద పడుంటే ఆ ఇళ్లలో ఏం జరిగిందో ఈ అద్దాలు చూసినవాళ్లకి ఎలా తెలుస్తుంది?

ఫుటేజీ దొరకలేదంటారేమో. అడిగితే కదా దొరికేది! కవిటి, సోంపేట, వజ్రపుకొత్తూరు వైపు జనం ఫోన్లలో తీసుకున్నవి, లోకల్ కేబుల్ వాళ్లు తీసినవి ఉన్నాయి. వాట్సాప్‌లో చేతులు మారి వచ్చిన కాపీ సరిపోదు, బొమ్మ నాణ్యత పోతుంది, ఏ ఊరో ఏ తేదీయో కూడా తేలదు. తీసినవాళ్ల దగ్గరికే వెళ్లి అసలు ఫైలు అడగాలి, కాగితం మీద అనుమతి రాయించుకోవాలి, డబ్బులివ్వాలి, టైటిల్స్‌లో పేరు వెయ్యాలి. నెట్‌లో కనబడిందల్లా ఊరికే వాడేసుకోవచ్చన్న ధైర్యం ఎక్కడిదో నాకు అర్థం కాదు, మన చట్టం ప్రకారం వీడియో బయటికొచ్చిన తర్వాతి ఏడాది మొదలు 60 ఏళ్లు హక్కుంటుంది.

ఇంకా పాతవాటి సంగతి మరీ ఘోరం. పుణెలో 1964 నుంచి జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ ఉంది, మంచిదే. కానీ తొంభైల్లో విజయనగరం మూడులాంతర్ల దగ్గర పైడితల్లి అమ్మవారి సిరిమాను ఉత్సవం చూడ్డానికి జనం ఎలా నిలబడేవారో కావాలంటే, అది ఇక్కడి వీడియో షాపుల అటకల మీద, పెళ్లి క్యాసెట్ల మధ్యే దొరకాలి. పెళ్లి వీడియో అయితే వేరే ఒప్పందం లేనప్పుడు హక్కు డబ్బిచ్చి తీయించుకున్న కుటుంబానిదే, షాపువాడిది కాదు. ఆ క్యాసెట్లకి బూజు పడుతోంది. వాటిని ఆడించే వీసీఆర్ల తయారీ 2016లోనే ఆగిపోయింది, ఉన్నవి పాడైతే బాగుచేసేవాళ్లూ తగ్గిపోయారు.

ఎచ్చెర్ల యూనివర్సిటీ గానీ జిల్లా గ్రంథాలయం గానీ వీటిని డిజిటల్ చేయించి, ఏ ఊరు, ఏ సంవత్సరం, ఎవరు తీశారు అని జాబితా రాసి పెడితే సినిమావాళ్లూ టీవీవాళ్లూ నేరుగా అక్కడికే వస్తారు. అంతవరకు మీ జిల్లా పేజీలో ఒక చిన్న ప్రకటన వెయ్యండి, పాత క్యాసెట్లున్నవాళ్లు పారెయ్యకుండా ముందు వివరాలు రాసి పంపమని.

– ఒక పాఠకుడు, కంచిలి, శ్రీకాకుళం జిల్లా