పిప్పి కరెంటును మరవొద్దు

అయ్యా,

ద్వీప దేశాల్లో కరెంటు అనగానే అందరూ సోలార్, గాలిమరలే అంటారు. మారిషస్‌లో చెరకు పిప్పి కూడా ఉంది. సుమారు జూన్ నుంచి డిసెంబర్ దాకా, చక్కెర ఫ్యాక్టరీల్లో చెరకు క్రషింగ్ సాగినన్నాళ్లూ పిప్పిని బాయిలర్లలో మండించి, ఆ ఆవిరితో టర్బైన్లు తిప్పి, ఫ్యాక్టరీకి పోను మిగిలిన కరెంటు గ్రిడ్‌కు ఇస్తారు. సీజన్ ముగిస్తే చాలాచోట్ల ఆ బాయిలర్లలోకే దిగుమతి బొగ్గు! 2030 నాటికి 60 శాతం పునరుత్పాదక విద్యుత్ అని అక్కడి ప్రభుత్వం 2021లో ప్రకటించింది. బాగానే ఉంది. కానీ చెరకు సాగు రెండు దశాబ్దాలకు పైగా తగ్గుతూ వస్తోంది. ఒకప్పుడు మనవాళ్లూ కూలీలుగా వెళ్లి చెమటోడ్చిన పొలాలవి. చిన్న రైతు చెరకు మానేస్తే పిప్పి ఎక్కడిది? సోలార్ పలకలతో పాటు పిప్పికీ గిట్టుబాటు ధర చూడాలి.

– ఒక చెరకు రైతు, అనకాపల్లి