బిట్లు సెన్సారు వదిలినవి కావు

ఎడిటర్ గారికి,

ఆదివారం అనుబంధంలో పాత మార్నింగ్ షోల మీద వ్యాసం బాగుంది. కానీ టార్జాన్ బాపతు అడవి కథలకు పేరడీగా వచ్చిన పెద్దల సినిమాల్లో బిట్లన్నీ, అంటే మధ్యలో వచ్చే బూతు ముక్కలన్నీ, సెన్సారు వాళ్లే వదిలేశారనడం సరికాదు. వరంగల్ కావచ్చు, కాజీపేట కావచ్చు, 'ఏ' సర్టిఫికెట్ వచ్చిన ప్రింటు వేరు, బిట్టు పడ్డ ఆట వేరు.

పేరడీకి అడవి కథ చవక. హీరోకు మాటలు రావు కాబట్టి డబ్బింగ్ సులువు. బట్టల ఖర్చు సరేసరి. జంతువులంటారా, ఎక్కడివో పాత షాట్లు. అవి రాగానే తెర రంగే మారిపోతుంది. ఆఫ్రికాలో పులేమిటని నవ్వుతాం గానీ, 1912లో పత్రికలో అచ్చయిన అసలు టార్జాన్ కథలో రచయిత బరోస్ కూడా పులినే పెట్టాడు, పుస్తకం వేసేటప్పుడు ఆడసింహంగా దిద్దుకున్నాడు! ఏటూరునాగారం అడవి చూసిన మనకు ఆ సెట్టు చెట్లే పెద్ద కామెడీ.

ఇక బిట్టు. 35 ఎం.ఎం. ఫిల్ము నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది. అంటే 300 అడుగుల ముక్క మూడు నిమిషాల పైచిలుకు. దాన్ని ప్రొజెక్టర్ కేబిన్‌లో రీలు కోసి, ఫిల్ము సిమెంటు అనే జిగురుతోనో టేపుతోనో మధ్యలో అతికించేవారు. ఫ్రేముకు, అంటే ఒక్కో బొమ్మకు, ఫిల్ము అంచున నాలుగు రంధ్రాలు. అతుకు ఒక్క రంధ్రం తప్పినా బొమ్మ జరిగి మధ్యలో నల్లగీత పడుతుంది. కింద ఈలలు, పైన ఆపరేటర్ ఫ్రేమింగ్ నాబ్ తిప్పుడు. సౌండ్ ట్రాకు బొమ్మకంటే 20 ఫ్రేములు ముందుంటుంది కనుక, బిట్టు తెరమీదికొచ్చాక కూడా సెకనుకు కాస్త తక్కువసేపు అడవి డప్పులే మోగుతాయి. సినిమా వెడల్పాటి స్కోప్‌ది అయి, బిట్టు మామూలుదైతే మరీ అన్యాయం: బొమ్మను అడ్డంగా సాగదీసే స్కోప్ లెన్సు మార్చే తీరికేదీ? సన్నటి మనిషి కూడా గోలెమంత వెడల్పవుతుంది.

సర్టిఫికెట్ ఇచ్చాక ప్రింటును ఇలా మార్చి ఆడితే 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం 7వ సెక్షన్ కింద అప్పట్లో మూడేళ్ల దాకా జైలు, లేదా లక్ష దాకా జరిమానా, లేదా రెండూ ఉండేవి. సినిమా నిడివి సర్టిఫికెట్ మీదే ఉంటుంది, కొలిస్తే తేలిపోతుంది. కాకపోతే తనిఖీకి వచ్చేలోపు అతుకు ఊడదీయడం ఎంతసేపు? సిమెంటు అతుకు వేసినప్పుడల్లా, తీసినప్పుడల్లా ఒకటి రెండు ఫ్రేములు పోతాయి. నాలుగు ఊళ్లు తిరిగిన ప్రింటులో బిట్టు లేకపోయినా, ఆ చోటికి రాగానే బొమ్మ ఎగిరిపడుతుంది.

– ఒక పాఠకుడు, హన్మకొండ