లండన్‌లో మా రీళ్లు, మీ బీరువాలో మా అర్జీ

గౌరవనీయులైన మంత్రి గారికి,

మానవశాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్ మా చెంచుల మీద తీసిన ఫొటోల, సినిమాల ప్రతులు తెప్పించమన్న మా అర్జీ సంగతి మీకు మళ్లీ మొదటి నుంచి చెప్పను. అర్జీ మీ చేతికే ఇచ్చాం, తప్పకుండా చేద్దామన్నారు. ఆ తరువాత ఎప్పుడు అడిగినా ఫైలు పరిశీలనలో ఉందనే జవాబు. ఇంత నిదానంగా పరిశీలిస్తున్నందుకు ముందుగా కృతజ్ఞతలు.

1940లో ఆయన నల్లమలలోని అమ్రాబాద్ కొండలెక్కి మా చెంచు పెంటల్లో, అంటే మా గూడేల్లో, తిరిగారు. 1943లో పుస్తకం అచ్చయింది. వేటలో జంతువు దొరికితే మా అడవి దేవత గారెల మైసమ్మకు మాంసం ముక్క పెట్టడం గురించి అందులో రాశారు. మా వాళ్లు గడ్డలు తవ్వుకుని, పండ్లు ఏరుకుని బతకడమే ఎక్కువని కూడా రాశారు. ఆ మాట ఎవరికీ పట్టదు లెండి, అందరికీ విల్లే కావాలి. ఆయన ఫొటోలు, సినిమా రీళ్లు లండన్‌లోని సోయాస్ అనే విశ్వవిద్యాలయ సంస్థలో భద్రంగా ఉన్నాయి. సంతోషమే. కానీ బొమ్మలోని మనిషి ఎవరి తాతో, వెనకున్న గుట్ట ఏదో, ఆ బాణం ఎందుకు వాడేవారో అక్కడ ఎవరు చెబుతారు? చెప్పగలవాళ్లు పెంటల్లో ఉన్నారు. అప్పటి పసిపిల్లలకు ఇప్పుడు ఎనభై దాటాయి. మీ పరిశీలన పూర్తయ్యేదాకా వాళ్లుంటారా? ప్రతి అర్జీలోనూ ఇదే మొత్తుకున్నాం.

నిధులు లేవంటారు. ఆగస్టు 9, ఆదివాసీ దినోత్సవం వస్తే మాత్రం మా వాళ్లను బస్సులెక్కించి, చేతికి విల్లంబులిచ్చి, మీ వెనక నిలబెట్టడానికి నిధులుంటాయి. ఆ ఫొటోలు సాయంత్రానికల్లా పత్రికలకు చేరతాయి. అదే విల్లు అడవిలో భుజాన కనిపిస్తే 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం గుర్తొస్తుంది. చట్టాన్ని తప్పుపట్టడం లేదు. పులీ ఉండాలి, దుప్పీ ఉండాలి. వేటాడనివ్వమని అడగడం లేదయ్యా, వేటాడినవాళ్ల బొమ్మలు చూపించమంటున్నాం.

ప్రభుత్వం తరఫున సోయాస్‌కు ఒక లేఖ రాయండి. ఏ రీలులో ఏముందో జాబితా తెప్పించండి. మావాళ్లున్న చిత్రాల ప్రతులు తెప్పించి ముందు పెంటల్లో వేయండి, మ్యూజియం అద్దాల్లో తరువాత పెట్టుకోవచ్చు. తెర కూడా అక్కరలేదు, తెల్ల పంచె మేమే కడతాం. పెద్దవాళ్లు చూస్తూ చెప్పే పేర్లు, ఊళ్లు రాసుకోవడానికి చదువుకున్న మా పిల్లలు సిద్ధంగా ఉన్నారు. దయచేసి ఆ లేఖ రాయండి. రాయడం కుదరదంటే ఆ మాటైనా కాగితం మీద పెట్టి సంతకం చేసి ఇవ్వండి.

ఇట్లు,
నల్లమల చెంచు పెంట వాసి