నడిచేవాళ్లకు నియమాలు రాసే ముందు: రవాణా శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన తెలంగాణ రాష్ట్ర రవాణా శాఖ మంత్రి గారికి,

నమస్కారం.

నేను ఇరవై తొమ్మిదేళ్లు ఆర్టీసీ బస్సు నడిపి రిటైరైన డ్రైవర్‌ను. విజయవాడ రోడ్డు మీద, అంటే మావాళ్లు ఇప్పటికీ తొమ్మిదో నంబర్ రోడ్డు అని పిలిచే 65వ జాతీయ రహదారి పక్కన మా ఊరు. రెండేళ్ల కింద మోకాలికి ఆపరేషన్ అయింది. అప్పటినుంచి స్టీరింగూ లేదు, స్కూటరూ లేదు, నడకే. ఇన్నేళ్లు అద్దంలోంచి చూసిన రోడ్డును ఇప్పుడు అంచున నిలబడి చూస్తున్నాను. అదీ ఇదీ ఒకటే రోడ్డంటే నాకే నమ్మబుద్ధి కావడం లేదు.

ఇప్పుడే ఎందుకు రాస్తున్నానో చెప్తాను. పోయిన నెల, 2025 అక్టోబర్ 7న, సుప్రీంకోర్టు ఒక ఉత్తర్వు ఇచ్చింది. కోయంబత్తూరు ఎముకల డాక్టరు ఎస్. రాజశేఖరన్ గారు రోడ్డు భద్రత మీద 2012లో వేసిన కేసులోది అది. మోటారు వాహనాల చట్టం 138(1ఎ), 210డి సెక్షన్ల కింద నడిచేవాళ్ల గురించీ, రోడ్ల ప్రమాణాల గురించీ ఆరు నెలల్లో నియమాలు తయారు చేయమని అన్ని రాష్ట్రాలకూ చెప్పింది. లెక్క వేస్తే 2026 ఏప్రిల్ మొదటి వారానికి మన రాష్ట్రానివి కూడా రావాలి. ఆ ఫైలు మీ టేబుల్ మీదికి చేరేలోపే ఈ ఉత్తరం చేరాలని నా ఆశ.

మా చిన్నల్లుడు వకీలు. ఆ 138(1ఎ)ని అతనితో రెండుసార్లు చదివించుకున్నాను. 2019 సవరణలో చేర్చారట. నడిచేవాళ్లు, ఇంజన్ లేని బండ్లు బహిరంగ స్థలాల్లోకి, జాతీయ రహదారుల మీదికి రావడాన్నీ, అక్కడ వాళ్లు చేసేవాటినీ క్రమబద్ధం చేస్తూ రాష్ట్ర ప్రభుత్వం నియమాలు చేసే సంగతి అందులో ఉంది. ఆ 'క్రమబద్ధం' అన్న మాట దగ్గరే నా గుండె గుభేలుమంది సార్. ఆఫీసు భాషలో క్రమబద్ధం చేయడమంటే ఎవరో ఒకర్ని ఆపడమే. బండ్లను ఆపడం కష్టం, మనుషులను ఆపడం సులువు. జీబ్రా లేని చోట దాటితే ఇంత, హైవే ఎక్కితే ఇంత అని ఒక జరిమానాల పట్టిక రాసిపడేస్తే కోర్టుకు చూపించడానికి నియమాలు తయారైనట్టే.

కోర్టు అడిగింది అది కాదు. అదే కేసులో 2025 మే 14న, ఫుట్‌పాత్ మీద నడిచే హక్కు రాజ్యాంగం 21వ అధికరణంలోని జీవించే హక్కులో భాగమని చెప్పింది. కేంద్రం లెక్కల ప్రకారం 2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల్లో పోయిన నడిచేవాళ్లు 32,825 మంది. 2023లో 35 వేలు దాటారు. రోడ్డు మీద పోయిన ప్రతి ఐదుగురిలో ఒకరు కాలినడకన ఉన్నవాళ్లే.

మా ఊరి దగ్గర పొద్దున జరిగేది ఒకటి చూపిస్తాను. ఊరు ఇటు, పాలకేంద్రం అటు. డివైడర్ తెగిన చోట ఒక అవ్వ పాలక్యాన్ నడుముకు ఆనించుకొని నిలబడుతుంది. ఒకరోజు టీ కొట్టు దగ్గర కూర్చొని లెక్కపెట్టాను. నలభై మూడు బండ్లు పోయాయి, ఒక్కటీ జోరు తగ్గించలేదు. నలభై నాలుగోది డీసీఎం వ్యాను. ఆ పిల్లవాడెవరో మంచివాడు, బండి స్లో చేసి, చెయ్యి బయటపెట్టి పొమ్మన్నాడు. అవ్వ రెండడుగులు వేసింది. డీసీఎం వెనక ఉన్న కారు, ఇది ఎందుకు ఆగిందని కూడా చూడకుండా ఎడమ పక్కనుంచి తీసి దూసుకొచ్చింది. అవ్వ వెనక్కి దూకింది. క్యాన్ మూత ఊడి సగం పాలు రోడ్డు పాలు. ఆమె తిట్టింది కారువాణ్ణి కాదు, డీసీఎం పిల్లవాణ్ణి. "నువ్వు ఆగకపోతే నేను కదలకపోదును కదరా" అంది.

అవ్వ మాట తప్పని నేను అనను. అందరూ ఆగని చోట ఒక్కడు ఆగడం కూడా ప్రమాదమే. ఆగిన బండి చాటునుంచి మనిషి వస్తాడు, పక్క లైనులో వచ్చేవాడికి కనపడడు. డ్రైవర్లందరికీ తెలిసిన సంగతే ఇది. దాటేవాళ్ల కోసం ఒక బండి ఆగితే వెనకాల, పక్కన వచ్చేవి కూడా ఆగి తీరాలి, దాన్ని దాటుకొని పోకూడదు. మీ నియమాల్లో మొట్టమొదటి వాక్యం ఇది కావాలని నేను కోరుకుంటున్నాను.

చట్టం లేదా అంటే ఉంది. 2017 నాటి మోటారు వాహనాల డ్రైవింగ్ రెగ్యులేషన్లలో, సిగ్నల్ లేని జీబ్రా దగ్గరికి వస్తున్న డ్రైవరు వేగం తగ్గించి, ఆగి, దాటేవాళ్లకు దారి ఇవ్వాలని ఉంది. చక్రాల కుర్చీలో వచ్చేవాళ్ల పేరు కూడా ప్రత్యేకంగా రాశారు. అంతకంటే ముందే, 1989 కేంద్ర మోటారు వాహనాల నియమాల్లోని 15వ నియమంలో లైసెన్సు పరీక్షకు వచ్చినవాడు చేసి చూపించాల్సిన పనుల జాబితా ఉంది. పోలీసు, సిగ్నల్ లేని క్రాసింగ్ దగ్గర దాటేవాళ్లకు ముందు అవకాశం ఇవ్వడం అందులో ఒకటి. మా మనవడు మొన్న కారు లైసెన్సుకు పోయాడు. ఎల్‌ఎల్‌ఆర్‌లో ఇరవై ప్రశ్నలు, ట్రాక్ మీద హెచ్ వేయడం, ఎత్తు మీద బండి ఆపి కదిలించడం. "జీబ్రా దగ్గర ఎవరైనా అడ్డం వచ్చారా?" అని అడిగాను. "తాతా, ట్రాక్ మీద మనుషులు ఎందుకుంటారు?" అన్నాడు.

పిల్లవాణ్ణి ఏమంటాం, నేనూ అట్లా నేర్చుకున్నవాణ్ణే. హారన్ కొట్టానంటే తప్పుకోవాల్సింది ఎదుటివాళ్లే అని చాలా ఏళ్లు అనుకున్నాను. ఒకసారి మిర్యాలగూడ సర్వీసు మీద, సాయంత్రం అంగడి దగ్గర, ఒక ముసలాయన రోడ్డు మధ్యలో పోతున్నాడు. దూరం నుంచే హారన్ కొట్టాను. కదల్లేదు. ఇంకోసారి కొట్టాను. అప్పటికీ కదల్లేదు. మొండివాడనుకొని తిట్టుకుంటూ బ్రేకు తొక్కాను. బంపర్‌కీ ఆయన భుజం మీది తువ్వాలుకూ మధ్య జానెడు కూడా లేదు. కండక్టర్ దిగి చెయ్యి పట్టుకుంటే అప్పుడు తిరిగి చూశాడు. ఆయనకు చెవులు వినపడవు. ఆ రాత్రి డిపోలో అన్నం ముందు కూర్చున్నాను గానీ ముద్ద దిగలేదు.

మన దగ్గర రోడ్డుకు రాయని చట్టం ఒకటుంది సార్. ప్రమాదం జరిగేదాకా పెద్ద బండిదే రోడ్డు. జరిగాక పెద్ద బండిదే తప్పు. ఈ రెండో ముక్క వల్ల జనం చేతిలో దెబ్బలు తిన్న డ్రైవర్లు నాకు తెలుసు, అందులో తప్పు చేయనివాళ్లూ ఉన్నారు. ప్రమాదం కాగానే బండి వదిలి పారిపోయేవాళ్లలో కొందరు ఆ భయంతోనే పారిపోతారు. భారతీయ న్యాయ సంహితలో 106(1) సెక్షన్ కింద నిర్లక్ష్యంగా ప్రాణం తీస్తే అయిదేళ్ల దాకా శిక్ష పెట్టారు. పాత ఐపీసీలో రెండేళ్లే ఉండేది. పారిపోతే పదేళ్లన్న 106(2)ను లారీ డ్రైవర్ల ఆందోళన తర్వాత అమలు చేయకుండా ఆపారు. శిక్ష ఎంతన్నదాని మీద నాకు పెద్ద పట్టింపు లేదు. మనిషి పోయాక వచ్చే సెక్షన్లు అవి. పోకముందు, జీబ్రా దగ్గర ఆగని రోజున పడే చలానా కావాలి. హెల్మెట్ లేకపోతే ఫోటో, సిగ్నల్ దాటితే ఫోటో. దాటుతున్న మనిషికి దారి ఇవ్వకపోతే ఫోటో తీసి చలానా వేసినట్టు నా ఎరుకలో లేదు. 2022లో హైదరాబాద్ ట్రాఫిక్ పోలీసులు ఆపరేషన్ రోప్ మొదలుపెట్టి స్టాప్‌లైన్ దాటితే 100, నడిచేవాళ్లకు అడ్డంగా బండి పెడితే 600 అన్నప్పుడు, కొన్నాళ్లు జీబ్రా గీతలు నా కంటికి కనపడ్డాయి. వంద రూపాయలకే ఆ మాత్రం పని జరిగింది.

వేగం సంగతి డ్రైవర్ లెక్కలో చెప్తాను. బండి 60 మీద ఉంటే సెకనుకు దాదాపు 17 మీటర్లు పోతుంది. మనిషిని చూసి కాలు బ్రేకు మీద పడడానికి ఒక సెకను. ఆ తర్వాత ఆగడానికి ఇంకో ఇరవై పైచిలుకు మీటర్లు. మొత్తం కలిపితే మూడు బస్సులు వరసగా పెట్టినంత దూరం. అదే 30 మీద ఉంటే ఒక బస్సు, దాని మీద ఇంకో పావు. 2018లో కేంద్రం మున్సిపాలిటీ హద్దుల్లో కార్లకు గంటకు 70 దాకా అనుమతించింది. అంతకంటే తగ్గించే అధికారం రాష్ట్రాలకు ఉంది. బడులు, అంగళ్లు, బస్టాండ్లు, ఆస్పత్రులు ఉన్న చోట 30 అని రాయండి. బోర్డు ఒక్కటే పెడితే ఎవరూ వినరు, నేనే వినేవాణ్ణి కాదు. రోడ్డును సన్నం చేసి, జీబ్రాను స్పీడ్ బ్రేకర్ మాదిరి ఎత్తు చేస్తే బండే వింటుంది.

హైదరాబాద్‌లో మా అమ్మాయి ఇంటి దగ్గరి చౌరస్తా గురించి కూడా కొంచెం. అక్కడ నడిచేవాళ్లకు పచ్చబొమ్మ పదిహేను సెకన్లు వెలుగుతుంది. రోడ్డు వెడల్పు అడుగులతో కొలిచాను, 24 మీటర్లు ఉంది. ఇంజనీర్లు మామూలుగా వేసుకునే నడక సెకనుకు 1.2 మీటర్లు. వాళ్ల లెక్కకే ఇరవై సెకన్లు కావాలి. నా మోకాలికి ముప్పై ఒకటి పట్టింది. పైగా ఫ్రీ లెఫ్ట్ ఒకటి. నాకు పచ్చబొమ్మ ఉన్నప్పుడు కూడా ఎడమ తిరిగే బండ్లు ఆగవు, ఎందుకంటే అది 'ఫ్రీ'. ఎవరికి ఫ్రీ అని ఎవరూ అడగలేదు. కాస్త దూరంలో ఫుట్ ఓవర్ బ్రిడ్జి ఉంది కదా అంటారు. ఉంది. ఎక్కడానికి నలభై పైగా మెట్లు, దిగడానికి అన్నే. లిఫ్టుకు తాళం. నన్నడిగితే ఆ వంతెన కట్టింది నా కోసం కాదు, కింద పోయే కార్లు ఆగకుండా ఉండడం కోసం.

ఫుట్‌పాత్‌ల మీద ఎక్కువ రాయను, అందరూ రాస్తున్నారు. ఒకటే మాట. ఆక్రమణలు తీసేస్తాం అనగానే ముందు మిర్చి బజ్జీల బండి మీద పడతారు. బజ్జీల బండి పక్కనుంచి పోవచ్చు. ట్రాన్స్‌ఫార్మర్ దిమ్మె పక్కనుంచి పోలేం, రోడ్డు మీదికి దిగాల్సిందే. ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ (ఐఆర్‌సీ) ప్రమాణాల్లో అడ్డంకి లేకుండా కనీసం 1.8 మీటర్లు వదలాలని ఉంది. రోడ్డు ప్రమాణాల ప్రకారం లేక మనిషి పోతే కాంట్రాక్టరుకూ, బాధ్యత ఉన్న అధికారికీ లక్ష దాకా జరిమానా వేయొచ్చని మోటారు వాహనాల చట్టం 198ఎ సెక్షన్‌లో రాశారు. నడిచేవాడి జరిమానా గురించి ఆలోచించేలోపు ఆ సెక్షన్‌ను ఒక్కసారి వాడి చూడండి.

మా తప్పు లేదని అనడం లేదు. ఫోన్ చెవిన పెట్టుకొని దాటేవాళ్లను, ఇనుప గ్రిల్ దూకేవాళ్లను, బండి అవతల ఉన్న బిడ్డను రోడ్డు ఇవతలినుంచి కేకేసి పిలిచే తల్లులను బస్సులోంచి ఇన్నేళ్లు చూశాను, తిట్టాను కూడా. ఫుట్‌పాత్ లేని చోట ఎదురుగా వచ్చే బండి కనపడేలా కుడి పక్కన నడవమంటే మా ఊళ్లో సగం మంది నవ్వుతారు. ఎడమ పక్క నడువు అనే కదా బళ్లో నేర్పింది! నడిచేవాళ్లకు కూడా నేర్పాల్సింది చాలా ఉంది. నేర్పండి. కానీ దాటడానికి దగ్గరలో ఒక చోటు చూపించాకనే జరిమానా మాట ఎత్తాలని నియమంలోనే రాయండి. కిలోమీటరు దూరంలో అండర్‌పాస్ పెట్టి, పాలక్యాన్‌తో ఉన్న అవ్వను అక్కడిదాకా పోయి రమ్మనడం దారి చూపించడం కాదు.

జాతీయ రహదారుల విషయంలో జాతీయ రహదారుల సంస్థతో సంప్రదించి నియమాలు చేయాలని ఆ 138(1ఎ) సెక్షన్‌లోనే ఉంది. సంప్రదింపులు ఢిల్లీకీ హైదరాబాద్‌కూ మధ్య కాగితాల మీద అయిపోకుండా, రోడ్డు పక్క గ్రామాల సర్పంచులను, ఆశా కార్యకర్తలను, ఇద్దరు లారీ డ్రైవర్లను పిలిచి అడగమని నా మనవి. ఏ డివైడర్ సందు దగ్గర ఎన్ని గంటలకు ఎవరు దాటుతారో వాళ్లకు తెలిసినంత మ్యాపులకు తెలియదు. గుర్తు తెలియని బండి కొట్టి మనిషి పోతే రెండు లక్షలు, తీవ్రంగా గాయపడితే యాభై వేలు ఇచ్చే పథకం 2022 నుంచి ఉన్నా మా మండలంలో అడిగితే పది మందిలో ఒక్కరికి కూడా తెలియలేదు. ఆ ముక్క కూడా అప్పుడే చెప్పించండి.

ఆఖరు విన్నపం. మోటారు వాహనాల చట్టం కింద నియమాలు చేసే ముందు ముసాయిదాను ప్రచురించి జనం మాట వినాలని 212వ సెక్షన్ చెప్తోందని మా అల్లుడు అన్నాడు. గెజిట్‌లో ఇంగ్లీషులో వేసి ముప్పై రోజులు గడువన్నారంటే మాకు అందినట్టు కాదు. తెలుగులో వేయండి, ఉర్దూలో వేయండి. పంచాయతీ ఆఫీసుల్లో, బస్టాండ్లలో అంటించండి. మా ఊళ్లో టీ కొట్టు దగ్గర నేనే చదివి వినిపిస్తాను. అవ్వ పాలు పోసి ఆరున్నరకు ఇటు దాటి వస్తుంది. ఆమె వచ్చాకే మొదలుపెడతాం.

ఇట్లు,
విజయవాడ రోడ్డు పక్క ఊరి నుంచి
ఒక రిటైర్డ్ ఆర్టీసీ డ్రైవర్
నవంబర్ 2025