కార్ల్ మేయర్ పేరేదీ?

సంపాదకుల వారికి,

జర్మన్ మూకీ సినిమాలపై మీ ఆదివారం అనుబంధంలో వచ్చిన వ్యాసం బాగుంది. దర్శకుడు మూర్నావ్‌ను ఆకాశానికెత్తారు, సబబే. కానీ ఆయన తీసిన 1924 నాటి సినిమా ‘ది లాస్ట్ లాఫ్’ రాసిన కార్ల్ మేయర్ ఊసే లేదు. అందులో హోటల్ గుమ్మం దగ్గర దర్జాగా నిలబడే ముసలాయన యూనిఫాం లాగేసుకుని, మరుగుదొడ్ల దగ్గర పనికి పంపేస్తారు. అంత బాధనూ తెర మీద అక్షరాలు దాదాపు లేకుండానే చెప్పారు. కెమెరా ఎలా కదలాలో కూడా మేయర్ స్క్రిప్టులోనే రాసేవారు. 1920లో వచ్చిన ‘డాక్టర్ కాలిగరి’కీ ఆయన సహ రచయిత. యూదుడు కావడంతో నాజీల రాజ్యంలో చోటు లేకపోయింది. 1944లో లండన్‌లో పేదరికంలోనే పోయారు. మన పోస్టర్ల మీదా రచయిత పేరు వెతుక్కోవాల్సిందే అనుకోండి! మేయర్ మీద విడిగా ఒక వ్యాసం వేయగలరని మనవి.

– ఒక పాఠకుడు, విజయవాడ